శిక్షణ నౌకపై దౌత్యభారం: తెరచాప ఓడల సద్భావన యాత్రలు కొనసాగాలా?

తూర్పుతీరం (చర్చ ప్రారంభం):

2025 మే 17 రాత్రి మెక్సికో నౌకాదళపు శిక్షణ నౌక కువాఉతెమోక్ న్యూయార్క్ రేవు నుంచి బయలుదేరుతూ, ముందుకు సాగవలసింది పోయి వెనక్కి కదిలి, బ్రూక్లిన్ వంతెనకు తగిలింది. మూడు స్తంభాల పైభాగాలూ విరిగాయి. ఓడలో ఉన్న 277 మందిలో ఇద్దరు మరణించారు. వారిలో ఒకరు ఇంకా శిక్షణలో ఉన్న కేడెట్. ఆ వార్త చదివినప్పటి నుంచి నన్ను వదలని విషయం ఒకటుంది. ఆ సమయానికి ఓడ ఇంజను మీద నడుస్తోంది. స్తంభాల మీద, అడ్డకొయ్యల మీద నిలబడి ఉన్నవారు తెరచాపలు విప్పడానికి ఎక్కినవారు కారు. ఒడ్డున చేరిన జనానికి వీడ్కోలు మర్యాద చూపడానికి వరుసగా నిలిచినవారు.

మనకూ ఇటువంటి ఓడలు రెండున్నాయి. గోవా షిప్‌యార్డులో తయారై 1997లో నౌకాదళంలో చేరిన ఐఎన్ఎస్ తరంగిణి, 2012లో చేరిన ఐఎన్ఎస్ సుదర్శిని రెండూ కొచ్చి కేంద్రంగా పనిచేస్తూ కేడెట్లకు సముద్రాన్ని పరిచయం చేస్తున్నాయి. వాటి అవసరాన్ని నేను ప్రశ్నించడం లేదు. కాని నెలల తరబడి సాగే విదేశీ సద్భావన యాత్రలను కూడా వాటికే అప్పగించడం సరికాదని, నేర్చుకునే పిల్లల భుజాల మీద దేశప్రతిష్ఠను మోపకూడదని నా అభిప్రాయం. రేవు సందర్శనలు, విందులు, ఓడను చూడవచ్చే అతిథుల స్వాగతాలు యుద్ధనౌకలు చేసుకోగలవు. శిక్షణ నౌక శిక్షణకే ఉండాలి.

గాలివాటు:

తూర్పుతీరం గారూ, ప్రమాదం గురించి మీ ఆవేదనతో ఏకీభవిస్తున్నాను, మీరు చేరిన నిర్ణయంతో ఏకీభవించలేకపోతున్నాను. నేను చాలాకాలం వాణిజ్య నౌకల్లో పనిచేసినవాడిని కనుక ముందుగా శిక్షణ గురించే చెబుతాను.

తరంగిణి 54 మీటర్ల పొడవున్న మూడు స్తంభాల ఓడ. మొదటి రెండు స్తంభాలకు అడ్డంగా పరచుకునే చతురస్రపు తెరచాపలు, చివరిదానికి ఓడ పొడవునా సాగే తెరచాపలు, అన్నీ కలిపి ఇరవై ఉంటాయి. ఇంజను ఓడలో పొరపాటు చేసిన కుర్రవాడు చక్రం తిప్పి, వేగం పెంచి దాన్ని సరిదిద్దుకోగలడు. తెరచాప ఓడ గాలికి ఎదురుగా నేరుగా పోలేదు. ఒక పక్కకు కొంత దూరం, మరో పక్కకు కొంత దూరం వాలుగా నడుస్తూ ముందుకు చేరాలి. దిశ మార్చే ప్రతిసారీ పదుల మంది ఒకే క్షణంలో వేర్వేరు తాళ్లు లాగాలి, వదలాలి. ఒక్కరు ఆలస్యం చేస్తే ఓడ గాలిలో నిలిచిపోతుంది. నా పొరపాటు వల్ల పక్కవాడి ప్రాణం మీదికి రావచ్చన్న ఎరుక ఏ తరగతి గదిలోనూ అంత తొందరగా రాదు. ఉపగ్రహాలు దారి చూపే ఈ రోజుల్లో ఇదంతా ఎందుకని అడిగేవారున్నారు. అమెరికా నౌకాదళ అకాడమీ నక్షత్రాల సాయంతో స్థానం కనుక్కునే పాఠాన్ని ఒకప్పుడు ఆపివేసి, 2015లో మళ్లీ మొదలుపెట్టింది. ఉపగ్రహ సంకేతాలు తెగిపోవచ్చు, ఎవరైనా తెంపవచ్చు కూడా.

ఇక సద్భావన మాట. 2003-04లో తరంగిణి ప్రపంచాన్ని చుట్టివచ్చింది. భారత నౌకాదళంలో అలా చుట్టివచ్చిన మొదటి ఓడ అదే. అంత దూరం పోయే ఓడ నీటికి, సరుకులకు, మరమ్మతులకు ఏదో ఒక రేవులో ఆగక తప్పదు. ఆగినచోట పలకరింపులు ఉంటాయి. యాత్రను తీసేసి శిక్షణను మిగుల్చుకోవడం ఎలాగో మీరే చెప్పాలి. కొచ్చి చుట్టుపక్కల నీళ్లలో తిరిగి వచ్చినంత మాత్రాన మహాసముద్రం అర్థం కాదు.

రేవుపుటలు:

ఇద్దరూ ఎక్కువగా శిక్షణ గురించే మాట్లాడారు కనుక నేను రెండో సగం, అంటే సద్భావన గురించి, కాస్త విడమరచి చెబుతాను.

సుదర్శిని 2012-13లో ఆగ్నేయాసియా కూటమి అయిన ఆసియాన్ దేశాలకు వెళ్లింది. అప్పటి పది సభ్యదేశాల్లో సముద్రతీరం లేని లావోస్ తప్ప మిగిలిన తొమ్మిదింటిలో 13 రేవులను దర్శించింది. మన తీరం నుంచి ఆ ద్వీపాలకు తెరచాపల మీదే రాకపోకలు సాగిన చరిత్ర ఉంది. రెండు స్తంభాల ఓడ బొమ్మతో శాతవాహనులు నాణేలే వేశారు. ఆ దారిలో క్షిపణులు మోసే యుద్ధనౌక వెళితే ఒక అర్థం, ఆయుధం లేని తెరచాప ఓడ వెళితే ఇంకొక అర్థం. కనుక ఈ పని యుద్ధనౌకలు చేసుకోగలవన్న తూర్పుతీరం గారి మాటను నేను ఒప్పుకోను.

అయితే ఈ ఓడలు దేశం పేరును ఎక్కడికి మోసుకుపోతే, దేశం అప్పులూ పాపాలూ అక్కడికి వెంట వస్తాయి. 2012 అక్టోబరులో అర్జెంటీనా శిక్షణ నౌక లిబర్తాద్ సద్భావన యాత్రలో భాగంగా ఘనాలోని తేమా రేవుకు చేరగా, ఆ దేశం తీర్చని బాండ్ల బాకీ కోసం ఒక పెట్టుబడి సంస్థ కోర్టుకు వెళ్లి ఓడను ఆపించింది. అందులోని వారిలో ఎక్కువమందిని విమానంలో ఇంటికి పంపవలసి వచ్చింది. నౌకాదళపు శిక్షణ నౌక కూడా చట్టం దృష్టిలో యుద్ధనౌకే కనుక, యుద్ధనౌకకు పరాయి రేవులోనూ రక్షణ ఉంటుందని చెప్పి, సముద్ర చట్టాల అంతర్జాతీయ ట్రిబ్యునల్ డిసెంబరు 15న ఓడను విడిచిపెట్టమని ఆదేశించింది. చిలీ ఓడ ఎస్మెరాల్డా కథ మరింత బాధాకరం. 1973 సైనిక కుట్ర తరువాత దాన్ని నిర్బంధాలకు, చిత్రహింసలకు వాడారు. అందుకే ఎన్నో రేవుల్లో దానికి స్వాగతంతో పాటు నిరసన కూడా ఎదురైంది.

ఈ సందర్భంలో మన తీరంలోని పాత రేవు మోటుపల్లి గుర్తుకు రాకమానదు. అంతకుముందు రాజులు తుపానుకు చెడి వేరే రేవుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకును లాక్కునేవారని, తాము మాత్రం నిర్ణీత సుంకం తప్ప మరేమీ తీసుకోమని కాకతీయ రాజు గణపతిదేవుడు 1244 ప్రాంతంలో అక్కడ అభయశాసనం వేయించాడు. సద్భావన వచ్చే ఓడ ఒక్కటే తెచ్చేది కాదు, చేర్చుకునే రేవు కూడా ఇవ్వవలసింది. ఆ లెక్క ముందే చూసుకుని రేవులను ఎంచుకోవడం రాజధానిలో కూర్చున్నవారి బాధ్యత. కేడెట్లది కాదు.

తూర్పుతీరం:

రేవుపుటలు గారూ, తెరచాప ఓడకే ఉన్న ఆ ప్రత్యేకతను నేను తక్కువగా అంచనా వేశాను. గాలివాటు గారి ప్రశ్నకు కూడా నా దగ్గర సరైన జవాబు లేదు. దూరప్రయాణం కావాలంటే రేవులు తప్పవు. కనుక యాత్రలు మానాలన్న మాటను వెనక్కి తీసుకుంటున్నాను.

ఒక్కటి మాత్రం వదలను. ఎత్తున పనిచేయడం ఎప్పుడూ ప్రమాదమే. 2010లో జర్మనీ శిక్షణ నౌక గోర్ష్ ఫోక్ బ్రెజిల్ రేవులో ఉండగా ఒక కేడెట్ స్తంభం పైనుంచి పడి మరణించడంతో అప్పటి శిక్షణను ఆపివేశారు. అది నేర్చుకునే క్రమంలో జరిగినది. అటువంటి ప్రమాదాన్ని తగ్గించగలమే తప్ప పూర్తిగా తొలగించలేము. న్యూయార్క్‌లో జరిగింది అటువంటిది కాదు. ఇరుకైన నదిలో, వంతెనల నడుమ, ఇంజను మీద కదులుతున్న ఓడలో తెరచాపలతో పని లేనప్పుడు ఎవరూ పైన ఉండవలసిన అవసరం లేదు. ఓడ రేవుకు కట్టి ఉన్నప్పుడు ఆ మర్యాద చేయండి, కదిలే ముందు అందరినీ డెక్ మీదికి దించండి అని నియమం పెడితే యాత్రకు గాని, శిక్షణకు గాని వచ్చే నష్టమేమిటో నాకు కనిపించడం లేదు.

గాలివాటు:

నష్టం లేదు. అయితే అదే నియమంలో ఇంకొకటి చేర్చండి: పెద్ద ఓడ రేవు విడిచి విశాలమైన నీటికి చేరేవరకు ఓడలను లాగే టగ్ పడవ పక్కన ఉండటమే కాదు, తాడుతో కట్టి ఉండాలి. ఇంజను మాట విననప్పుడు పైనున్నవారు దిగే వ్యవధి ఉండదు, కిందనున్నవారికైనా ఓడను ఆపగలిగేది ఏదో ఒకటి చేతిలో ఉండాలి.