అర్జున్ 2800 పెద్దదా, గుకేశ్ కిరీటం పెద్దదా?

హన్మకొండ గుర్రం:
దోహాల 2025 డిసెంబర్ ఆఖర్ల చెస్ ప్రపంచ పోటీలల్ల మన అర్జున్ ఎరిగైసి ర్యాపిడ్‌ల (తక్కువ టైం ఆట) కాంస్యం కొట్టిండు, బ్లిట్జ్‌ల (ఇంకా తక్కువ టైం ఆట) ఇంకో కాంస్యం కొట్టిండు. బ్లిట్జ్ స్విస్ దశల (ఓడినా బయటకు పోకుండ అందరు అన్ని రౌండ్లు ఆడే దశ) 19 రౌండ్లకు 15 పాయింట్లు, అందరికన్న పైన. సెమీస్‌ల ఉజ్బెకిస్తాన్ అబ్దుసత్తొరోవ్ ఆపిండు, లేకుంటే ముచ్చట వేరే ఉండేది. గింత ఆడినా సుబేదారిల చాయ్ కాడ ఒకాయన "మంచిదే గని, గుకేశ్ లెక్క వరల్డ్ ఛాంపియన్ కాలే గదా" అన్నడు. ఓరుగల్లు గడ్డ మీద నిలబడి అనే మాటనా అది?

నేను సూటిగ చెప్త. 2024 డిసెంబర్ ఫిడే (ప్రపంచ చెస్ సమాఖ్య) రేటింగ్ జాబితాల అర్జున్ 2801. ఆనంద్ తర్వాత 2800 గీత దాటిన ఇండియన్ ఈయనొక్కడే. గుకేశ్ ఎంత పైకి పోయినా 2794 కాడనే ఆగిండు. ఎవడు గట్టోడు అని అడిగితే ఒక్క మ్యాచ్ చూస్తరా, ఏండ్ల తరబడి ఆడిన ఆట చూస్తరా?

తెనాలి ఏనుగు:
గుర్రం గారూ, మీ ఊరి అభిమానం అర్థమైంది. కానీ ఆ 2801 ఎంతకాలం నిలిచింది? 2025 జనవరిలో నెదర్లాండ్స్‌లో వేక్ ఆన్ జీ టోర్నీలో తడబడగానే మళ్లీ కిందకి వచ్చింది. గుకేశ్ 2024 డిసెంబర్‌లో సింగపూర్‌లో అప్పటి ఛాంపియన్, చైనా ఆటగాడు డింగ్ లిరెన్‌ని 7.5–6.5తో ఓడించి 18 ఏళ్లకే 18వ ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. అది ఎవరూ తగ్గించలేరు. డింగ్ అప్పుడు ఫామ్‌లో లేడనీ, 14వ గేమ్‌లో ఏనుగుని తప్పు గడిలో పెట్టాడనీ మీరు అంటారని తెలుసు. ఆ గేమ్ దాకా గుంజుకొచ్చి, డ్రాగా కనిపిస్తున్న ఎండ్‌గేమ్‌లో (కొన్ని పావులే మిగిలిన చివరి దశలో) కూడా ఒత్తిడి పెట్టింది ఎవరండీ?

కరీంనగర్ ఆర్బిటర్:
ఇద్దరూ రేటింగ్‌ను ఒక అంకెలాగా వాడుతున్నారు. అది ఎట్లా వస్తుందో చూడకుండా ఈ వాదన తేలదు.

2400 దాటినవాళ్లకు ఫిడే గుణకం 10, అంటే వచ్చిన పాయింటుకూ ఆశించిన పాయింటుకూ ఉన్న తేడాను 10తో గుణిస్తే రేటింగ్ మార్పు. 2780 ఉన్న ఆటగాడు 2500 ఉన్నవాడితో ఆడితే పట్టిక ప్రకారం అతని నుంచి 0.84 పాయింటు ఆశిస్తారు. గెలిస్తే వచ్చేది 1.6. డ్రా అయితే పోయేది 3.4. ఓడితే 8.4 పోతుంది. అంటే ఒక్క డ్రాను పూడ్చుకోవడానికి రెండు గెలుపులు కూడా చాలవు. అందుకే పై మెట్టులో ఉన్నవాళ్లు చాలామంది ఎవరైనా ఆడగలిగే ఓపెన్ టోర్నీల గడప తొక్కరు. తమలాంటి పది మందితో, పిలిచినవాళ్లే ఆడే క్లోజ్డ్ టోర్నీల్లో ఆడుకుంటారు, సగం గేములు డ్రా అయినా నష్టం లేదు.

అర్జున్‌కు ఆ పిలుపులు ఆలస్యంగా వచ్చాయి. 2022లో అబుదాబి, 2023లో షార్జా, 2024లో మెనోర్కా ఓపెన్, ఇట్లా ఓపెన్లు గెలుచుకుంటూ పైకి వచ్చాడు. డ్రా చేస్తే నష్టపోయే చోట గెలిచి తెచ్చుకున్న 2801 అది. నా మటుకు ఆధునిక చెస్‌లో దీనంత కష్టంగా వచ్చిన రేటింగ్ ఇంకోటి కనబడదు.

ఇగ కిరీటం సంగతి. 2023 డిసెంబర్‌లో చెన్నై గ్రాండ్ మాస్టర్స్ టోర్నీ గుర్తుందా? గుకేశ్, అర్జున్ ఇద్దరికీ ఏడు రౌండ్లకు 4.5. టైబ్రేక్‌లో (పాయింట్లు సమానమైతే ముందెవరో తేల్చే పద్ధతిలో) గుకేశ్ మొదటి స్థానం. ఆ ఫిడే సర్క్యూట్ (ఏడాది పొడుగునా టోర్నీల ఫలితాలు కలిపే పట్టిక) పాయింట్లతోనే 2024 ఏప్రిల్ టొరంటో క్యాండిడేట్స్‌కు (ఛాంపియన్‌తో ఎవరు ఆడాలో తేల్చే టోర్నీకి) పోయాడు, 17 ఏళ్లకు గెలిచాడు, ఏడాది తిరగకముందే ఛాంపియన్ అయ్యాడు. అర్జున్ ఆ టైబ్రేక్ గెలిస్తే అదంతా అతనికే జరిగేదని అనను, అది కట్టుకథ అవుతుంది. కానీ చెన్నైలో ఇద్దరి మధ్య ఆటలో తేడా సగం పాయింటు కూడా లేదు.

కాజీపేట అమ్మ:
సార్, మీ లెక్కలు బాగున్నయ్. నా బిడ్డ అండర్-11 ఆడుతది కాబట్టి నాకు వేరే తీరు కనబడుతది. ఛాంపియన్ అయితేనే గొప్ప అంటే ఇక్కడి పిల్లలకు ఏం చెప్పాలె? హంపి గారు 2011ల తిరానాల మహిళల ప్రపంచ టైటిల్ మ్యాచ్‌ల చైనా హౌ యిఫాన్ చేతిల ఓడిపోయిన్రు, క్లాసికల్ కిరీటం రానే లేదు. 2019ల, మళ్ల 2024ల ర్యాపిడ్ ప్రపంచ ఛాంపియన్ అయిన్రు. ఆమెది చిన్న కెరీరా? మన ఓరుగల్లు నుంచే రాజా రిత్విక్ 2021ల గ్రాండ్‌మాస్టర్ అయిండు. ఆ బిరుదుకు కావాల్సిన మూడు నార్మ్‌లు (పెద్ద టోర్నీలల్ల చూపాల్సిన ప్రతిభ మెట్లు), 2500 రేటింగ్ ఊరికె రావు. చాయ్ కాడ ఆయన పేరు ఎంతమంది తీస్తరు?

పైసల సంగతి కూడ ఉన్నది. అర్జున్‌కు 2024ల క్వాంట్‌బాక్స్ కంపెనీ ఐదేండ్లకు 15 లక్షల డాలర్లు స్పాన్సర్ చేసింది. కిరీటం లేకుంటనే. దాని మీద ఎవరూ మాట్లాడరేంది?

తెనాలి ఏనుగు:
అమ్మా, హంపి గారి విషయంలో మీతో వాదన లేదు. ఆర్బిటర్ గారికి మాత్రం ఒక ప్రశ్న. రేటింగ్ అంత నిజాయితీ గలదైతే అమెరికా ఆటగాడు నకమురా సంగతేంటి? 2026 క్యాండిడేట్స్‌కు రేటింగ్ సీటు కావాలంటే 40 గేములు ఆడాలి కాబట్టి అమెరికాలో చిన్న చిన్న టోర్నీలకు వెళ్లి, తనకంటే ఎంతో తక్కువ రేటింగ్ వాళ్లను ఓడించి లెక్క పూర్తి చేశాడు. నియమం ప్రకారం తప్పు లేదు. సీటు వచ్చింది. ఆ అంకె ఆటను కొలిచిందా, ఓపికను కొలిచిందా?

హన్మకొండ గుర్రం:
అన్నా, ఆయన అంకె కాపాడుకునేందుకు పోయిండు. మనోడు పెంచుకునేందుకు పోయిండు. రెండూ ఒక్కటేనా? ఇంకోటి, బుడాపెస్ట్ ఒలింపియాడ్ (దేశాల జట్ల పోటీ) మర్చిపోయిన్రు. 2024ల మన జట్టుకు మూడో బోర్డు మీద అర్జున్ 11 గేములకు 10 పాయింట్లు!

తెనాలి ఏనుగు:
అదే ఒలింపియాడ్‌లో మొదటి బోర్డు మీద గుకేశ్ 10కి 9. ఎదుటి జట్టు నుంచి మొదటి బోర్డుకి ఎవరొస్తారో, మూడో బోర్డుకి ఎవరొస్తారో మీకు నేను చెప్పాలా?

కరీంనగర్ ఆర్బిటర్:
ఏనుగు గారు ఈ ఒక్క దెబ్బ గట్టిగా కొట్టారు, ఒప్పుకోవాలి.

నా తీర్పు అడిగితే: 2024లో అర్జున్ ఆట గుకేశ్ ఆటకు తీసిపోలేదు, సాధించింది మాత్రం గుకేశ్ ఎక్కువ. అర్జున్‌కు అడ్డం పడుతున్నది నాకౌట్. 2023 బాకు వరల్డ్ కప్ క్వార్టర్స్‌లో ప్రజ్ఞానందతో టైబ్రేకుల మీద టైబ్రేకులు ఆడి 5–4తో ఓడాడు. మాజీ ఛాంపియన్ కార్ల్‌సెన్ క్యాండిడేట్స్ ఆడనని తన సీటు వదిలేశాడు కాబట్టి సెమీస్ చేరితే చాలు, సీటు వచ్చేది. 2025లో గోవా వరల్డ్ కప్‌లో మళ్లీ క్వార్టర్స్, ఈసారి చైనా వెయ్ యి చేతిలో. రెండుసార్లూ ఒకే మెట్టు మీద జారితే పూర్తిగా అదృష్టం మీద తోసెయ్యలేం. ప్రతి గేమూ గెలవాల్సిన ఓపెన్ల అలవాటు ఒక రకం. రెండు గేముల మ్యాచ్‌లో ఎప్పుడు బిగించాలో, ఎప్పుడు వదిలెయ్యాలో చూసుకునే ఆట ఇంకో రకం.

పాత తరం ఎస్టోనియా ఆటగాడు పాల్ కెరెస్ కూడా 1953, 56, 59, 62 క్యాండిడేట్స్‌లో వరుసగా రెండో స్థానంలోనే ఉన్నాడు. ఒక్క టైటిల్ మ్యాచ్ కూడా ఆడలేదు.

హన్మకొండ గుర్రం:
సార్, అంతా బాగుంది గని కెరెస్‌తోని పోల్చుడు ఒప్పుకోను. 1962ల ఆయనకు 46 ఏండ్లు. మనోనికి 2025ల 22. క్యాండిడేట్స్ రెండేండ్లకొకసారి వస్తది.