మహాబాద్ రిపబ్లిక్‌ని ముంచింది స్టాలినా, సొంతవాళ్లా?

పాతమ్యాపులు:
1946 జనవరి 22న ఇరాన్ వాయవ్య మూల మహాబాద్ అనే చిన్న ఊళ్లో, చ్వార్ చిరా కూడలిలో, ఖాజీ మహమ్మద్ అక్కడి కుర్దు జాతివాళ్ల కోసం సొంత రిపబ్లిక్ ప్రకటించాడు. ఏడాది తిరక్కుండానే, డిసెంబరు 15న ఇరాన్ సైన్యం ఊళ్లోకి వచ్చేసింది. 1947 మార్చి 31న అదే కూడలిలో ఆయన్నీ, సోదరుడు సద్ర్ ఖాజీనీ, దాయాది సైఫ్ ఖాజీనీ ఉరితీశారు. నిన్న ఇంకో చర్చలో ఒకాయన "అదంతా స్టాలిన్ ఆడించిన బొమ్మలాట" అని ఒక్క ముక్కలో తేల్చేసి వెళ్లిపోయారు. నేను ఒప్పుకోను. మీరేమంటారు?

ఒంగోలు గిత్త:
ఆ ఒకాయన్ని నేనే, పేరు పెట్టే రాయొచ్చు. తేదీలు చూడండి చాలు. సోవియట్ సైన్యం 1941 ఆగస్టులో ఉత్తర ఇరాన్‌లో దిగింది. యుద్ధం అయ్యాక ఆరు నెలల్లో పోతామని 1942లో సంతకం పెట్టింది. గడువు 1946 మార్చి 2, పోలేదు. ఏప్రిల్‌లో ఇరాన్ ప్రధాని ఖవామ్ చమురు కంపెనీలో సోవియట్లకి 51 శాతం వాటా ఇస్తానన్నాడు, మే నెలకల్లా సైన్యం సర్దుకుని వెళ్లిపోయింది. డిసెంబరుకి మహాబాద్ లేదు. ఇంకేం కావాలండీ? తమాషా ఏంటంటే 1947 అక్టోబరులో ఇరాన్ పార్లమెంటు ఆ ఒప్పందాన్ని 102-2తో తీసి అవతల పారేసింది. స్టాలిన్‌కి చమురూ దక్కలేదు.

రాత్రిబండి:
ఖవామ్ అసలు హీరో. దండం పెట్టాలి ఆయనకి.

పాతమ్యాపులు:
గిత్త గారూ, మీరు చెప్పింది అది ఎలా పోయిందో. ఎలా పుట్టిందో చెప్పలేదు. ఉత్తరాన సోవియట్ల జోన్‌కీ, దక్షిణాన దిగిన బ్రిటిష్ వాళ్ల జోన్‌కీ మధ్య ఎవరికీ పట్టని జాగాలో ఉంది మహాబాద్. 1941లో ఇరాన్ యంత్రాంగం కూలిపోయాక ఊళ్లో పనులు వాళ్లే చూసుకున్నారు, 1942లోనే అక్కడ రహస్య సంఘం పెట్టుకున్నారు. పక్కనే తబ్రీజ్‌లో సోవియట్ల అండతో వచ్చిన పిషెవరీ ప్రభుత్వం భూములు పంచింది, మహాబాద్ పంచలేదు, తెగల పెద్దల్నే కూడగట్టుకుంది. మాస్కో బొమ్మ అయితే ముందు ఆ పెద్దల్నే కదా కదిలించాల్సింది? బడుల్లో కుర్దు భాష, కుర్దులో పత్రిక, ఇవి ఎవరో ఆడిస్తే వచ్చే కోరికలు కావు.

ఒంగోలు గిత్త:
పత్రిక అచ్చేసిన మెషీన్ ఎవరిచ్చారు? సోవియట్లు. తుపాకులు? సోవియట్లు. అన్నిటికంటే ముఖ్యం పొగాకు. మహాబాద్ పొగాకు పంట మొత్తం కొన్నది ఎవరు? దీనికి జవాబు చెప్పండి, మిగతావి తర్వాత మాట్లాడుకుందాం.

పాతమ్యాపులు:
ఇంత చరిత్రలో మీకు పొగాకే దొరికిందా?

ఒంగోలు గిత్త:
అవును, పొగాకే. మా నాన్న జీవితమంతా అదే వేశాడు. వేలంలో కొనుగోలుదారు బేలు దగ్గర నిలబడి, ఆకు ఒకటి లాగి, వేళ్లతో నలిపి, వాసన చూసి, మాట్లాడకుండా పక్క బేలు దగ్గరికి వెళ్లిపోతాడు. నోబిడ్, అంటే పాటే రాలేదన్నమాట. మర్నాడు మళ్లీ అదే బేలు మోసుకెళ్లాలి, అతను చెప్పిన రేటుకే ఇచ్చి రావాలి. కొనేవాడు ఒక్కడే అయిన రోజున మీరు రైతు కాదు, వాడి జీతగాడు. సోవియట్లు పోయాక ఆ తెగల పెద్దలు ఒక్కొక్కరే టెహ్రాన్ వైపు ఎందుకు జారుకున్నారో నాకు పుస్తకం అక్కర్లేదు.

పాతమ్యాపులు:
మరి టెహ్రాన్ దారి మూసుకుపోతే ఇంకెవరికి అమ్మాలి? గాల్లోకా?

ఎర్బిల్ మల్లన్న:
అన్నా, మాది జగిత్యాల దిక్కు. ఇరాక్ కుర్దిస్తాన్‌లో, ఎర్బిల్‌లో హోటల్ పని చేసిన. ఏ దుకాణం చూసినా ఇరాక్ కుర్దుల లీడర్ ముస్తఫా బర్జానీ ఫొటో ఉంటది. మహాబాద్‌కి ఫౌజ్ పట్టుకుని పోయింది ఆయనే. కొడుకు మసూద్ బర్జానీ పుట్టింది 1946లో మహాబాద్‌లోనే. వాళ్ల ముందు బొమ్మ గిమ్మ అంటే కొడతరు.

రాత్రిబండి:
ఇరాన్, ఇరాక్ చేసుకున్న 1975 అల్జీర్స్ ఒప్పందం కూడా కలపండి. అప్పుడు ఇరాక్ కుర్దులకి సాయం చేసి చెయ్యి వదిలేసింది ఇరాన్ షా, అమెరికా. పేర్లు మారాయంతే.

నల్గొండ మనవడు:
గిత్త గారూ, మీకు అంత దూరం దేనికి? మా తాత సాయుధ పోరాటంలో దళంలో ఉన్నాడు. 1951లో నలుగురు నాయకులు రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలిన్‌ని కలిసి వచ్చారు, అదే ఏడు అక్టోబరులో పోరాటం విరమించామన్నారు. అడవిలో ఉన్నవాళ్లని అడిగిందెవరు? మా తాత పోయేదాకా ఆ మాట ఎత్తితే అన్నం ముందు నుంచి లేచిపోయేవాడు. స్టాలిన్ సంగతి మాకు మీరు చెప్పనక్కర్లేదు.

ఒంగోలు గిత్త:
విరమించాక 1952 ఎన్నికల్లో రావి నారాయణరెడ్డికి నెహ్రూ కంటే ఎక్కువ ఓట్లు పడ్డాయి. మీ తాతగారికి ఆ దారైనా మిగిలింది. ఖాజీకి ఏం మిగిలింది? ఉరితాడు.

నల్గొండ మనవడు:
చచ్చినవాళ్లకి ఓట్లు లెక్కపెట్టి చూపిస్తున్నారా? మాట జాగ్రత్త.

పాతమ్యాపులు:
ఇద్దరూ కాస్త ఆగండి. గిత్త గారూ, ఇప్పటికి అర్థమైంది, మీ కోపం స్టాలిన్ మీద కాదు. సాయం అడిగినవాళ్ల మీద.

ఒంగోలు గిత్త:
ముమ్మాటికీ వాళ్ల మీదే. పెద్ద రాజ్యం తన లెక్క తను చూసుకుంటుంది, దాన్ని తిట్టి ఏం లాభం? ఆ సాయం ఏదో ఒక రోజు పోతుందని నాయకుడికి తెలియాలి. తెలిసీ జనాన్ని దింపితే తప్పు, తెలియకపోతే ఇంకా పెద్ద తప్పు. ఖాజీ పారిపోలేదు, గొప్పే. ఉరికి తను సిద్ధపడ్డాడు, సరే. ఊరిని అడిగాడా?

పాతమ్యాపులు:
ఊరి కోసమే ఉండిపోయాడండీ. తనే పక్క ఊరు మియాందోఆబ్ వెళ్లి ఇరాన్ సైన్యం జనరల్ హుమాయూనీతో మాట్లాడి సైన్యాన్ని ఊళ్లోకి రమ్మన్నాడు, అందుకే మహాబాద్‌లో యుద్ధం జరగలేదు. బర్జానీలాగా కొండలు పట్టుకుని పోయుంటే? బర్జానీ 1947లో సుమారు 500 మందితో అరస్ నది దాటి సోవియట్ దేశం చేరాడు, ఇరాక్‌కి మళ్లీ వచ్చింది 1958లో. మహాబాద్ జనం అందరూ అలా నడవగలరా? సాయం ఎప్పటికీ ఉంటుందని పూచీ దొరికాకే నోరు తెరవాలంటే ఏ చిన్న జాతీ ఎప్పటికీ నోరు తెరవదు.

ఒంగోలు గిత్త:
తెరవమనండి. ఆ పంట కొనేవాళ్లని ఇద్దర్ని చూసుకుని తెరవమనండి.

ఎర్బిల్ మల్లన్న:
అడిగిర్రా అంటున్నరు గదా, 2017 సెప్టెంబరులో ఇరాక్ కుర్దిస్తాన్‌లో అడిగిర్రు. స్వతంత్రం కావాలా వద్దా అని ఓటు పెట్టిర్రు. మా ఓనర్ పొద్దున్నే పోయి ఓటేసి వచ్చి, వేలికి ఉన్న సిరా నాకు చూపెట్టి చాయ్ ఫ్రీ అన్నడు. దాదాపు 93 శాతం కావాలన్నరు. వద్దని అమెరికా ముందే చెప్పింది. నాలుగు రోజులకి బాగ్దాద్ వాళ్లు ఎర్బిల్‌కి బయటి దేశం విమానాలు బంద్ పెట్టిర్రు. బాగ్దాద్ మీదకెళ్లి పోదామంటే నీ వీసా అక్కడ చెల్లదు అన్నరు. మా చెల్లె పెళ్లి ఫోన్‌లో చూసిన. అక్టోబరులో కుర్దుల చేతిలున్న కిర్కుక్ పట్నం కూడా బాగ్దాద్ చేతికి పాయె. జనాన్ని అడిగినా గంతే, అడగకున్నా గంతే. ఇప్పుడు ఎవరిది తప్పు అంటవన్నా?

ఒంగోలు గిత్త:
పెళ్లి సంగతి బాధగానే ఉంది మల్లన్నా. కానీ ఒక్కటి అడుగుతా, అప్పట్లో ఎర్బిల్ వాళ్ల చమురు సముద్రానికి చేరింది ఏ దారిన? ఒకే గొట్టం, టర్కీ మీదుగా జేహాన్ రేవుకి. ఓటు రోజే టర్కీ ఏమందో గుర్తుందా? వాల్వు మా చేతిలో ఉంది, కట్టేస్తాం అంది.