కరెంటాఫీసు తప్పుకి నాలుగేళ్ళ ఎరియర్స్ మనం కట్టాలా?

కర్రీపాయింట్_కంచరపాలెం:
మా ఇంటి కింద షాపులో కర్రీ పాయింట్ నడుపుతున్నాను. 2020లో కొత్త మీటర్‌కి అప్లికేషన్ ఇచ్చినప్పుడు కర్రీ పాయింట్ కోసమనే రాశాను. మొన్న తనిఖీకి వచ్చినవాళ్ళు, "మీకు ఇన్నాళ్ళూ ఇంటి రేటే పడింది, ఇది కమర్షియల్" అని నాలుగేళ్ళ తేడా లెక్కగట్టి 52 వేలకి నోటీసు చేతిలో పెట్టారు. పదిహేను రోజుల్లో కట్టకపోతే కనెక్షన్ తీసేస్తారట. నెలనెలా వాళ్ళిచ్చిన బిల్లు ఒక్కరోజు ఆలస్యం లేకుండా కట్టాను. ఇందులో నా తప్పేంటి? టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు.

గాజువాక_కుర్రాడు:
ఒక్క రూపాయి కట్టొద్దు అక్కా. విద్యుత్ చట్టం 2003, సెక్షన్ 56(2) చదవండి. రెండేళ్ళు దాటిన బాకీ వసూలు చెయ్యకూడదు. రీడింగ్ తీసేవాడు నెలనెలా మీ షాపు ముందు నిలబడే కదా బిల్లు కొట్టాడు! పప్పుచారు కూడా కట్టించుకెళ్ళుంటాడు.

కోర్టు_పక్షి:
తమ్ముడూ, సగం చదివి సలహా ఇవ్వకు. అజ్మీర్ విద్యుత్ సంస్థ, రహమతుల్లా ఖాన్ కేసు అచ్చం ఇలాంటిదే. టారిఫ్ కోడ్, అంటే ఏ రేటు వెయ్యాలో చెప్పే గుర్తు, తప్పు పడింది. 2009 జులై నుంచి 2011 సెప్టెంబరు దాకా తక్కువ బిల్లు వేసి, తేడా కట్టమని 2014 మార్చిలో అడిగారు. 2020 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఏమందంటే, బిల్లు వేశాకే బాకీ పుడుతుంది, పొరపాటు బయటపడ్డాక అదనపు బిల్లు వెయ్యొచ్చు, కానీ దాని కోసం కరెంటు మాత్రం కట్ చెయ్యకూడదు. 2021లో ప్రేమ్ కాటెక్స్ కేసులో, ఇలా ఆలస్యంగా బిల్లు వెయ్యడం సేవా లోపం కాదని కూడా తేల్చింది. కన్స్యూమర్ కోర్టుకెళ్తే తేలిగ్గా గెలుస్తామనుకోవద్దు.

ఎంవీపీ_టీకొట్టు:
నా మాట చేదుగా ఉంటుంది. నేను మొదట్నుంచీ కమర్షియల్ రేటే కడుతున్నాను. అదే వ్యాపారం చేసుకుంటూ మీరు నాలుగేళ్ళు ఇంటి రేటు కట్టారు. వాడిన కరెంటుకి డబ్బు అడిగితే అన్యాయం ఎలా అవుతుంది?

కర్రీపాయింట్_కంచరపాలెం:
అన్నా, రేటు ఎక్కువని ముందే తెలిస్తే కూర ప్యాకెట్ మీద ఐదు రూపాయలు వేసుకునేదాన్ని. 2021లో గుత్తొంకాయ తిన్నవాళ్ళ ఇంటికెళ్ళి ఇప్పుడు ఆ ఐదు అడగమంటావా?

గాజువాక_కుర్రాడు:
అదీ పాయింటు!

రిటైర్డ్_కరెంటోడు:
అమ్మా, ముందు ఆ నోటీసు మీద ఏ సెక్షన్ ఉందో చూడండి. 126 అని ఉంటే వ్యవహారం వేరు. అది అనధికార వాడకం కింద లెక్క, రెట్టింపు రేటు వేస్తారు. వెంటనే అభ్యంతరం రాసివ్వాలి, ఆ లెక్క చేతికందిన ముప్ఫై రోజుల్లో వాళ్ళు తుది ఉత్తర్వు ఇవ్వాలి. ఆ కేసులు కన్స్యూమర్ కోర్టులో నిలవవని 2013లోనే సుప్రీంకోర్టు చెప్పింది. ఒట్టి షార్ట్ బిల్లింగ్, అంటే పొరపాటున తక్కువ బిల్లు వెయ్యడమే అయితే మాత్రం, సెక్షన్ 42(5) కింద పెట్టిన ఫిర్యాదుల పరిష్కార వేదిక ఉంది. తెల్లకాగితం మీద రాసిచ్చినా చాలు, లాయరు అక్కర్లేదు. అక్కడ తేలకపోతే పైన అంబుడ్స్‌మన్ అనే అధికారి వింటారు. ఇంకో సంగతి, 56(1) ప్రకారం గొడవ తేలేదాకా "నిరసనతో కడుతున్నాను" అని రాసి, అడిగిన మొత్తమో, గత ఆరు నెలల సగటు బిల్లో, ఏది తక్కువైతే అది కడితే సప్లై ఆపకూడదు.

మా రోజుల్లో కేటగిరీ తప్పు పడితే ముందు మా మీదే విచారణ పడేది. ఇప్పుడు ఎవర్ని అడగాలో తెలీదు.

ఎంవీపీ_టీకొట్టు:
అది ఒప్పుకుంటాను. బాకీ బాకీయే, కానీ తప్పు రాసినవాణ్ణి ఎవరూ అడగరేం?

కర్రీపాయింట్_కంచరపాలెం:
చూశాను బాబాయ్. 126 అని లేదు, షార్ట్ బిల్లింగ్ అనే ఉంది. బీరువాలో చీరల కింద అప్లికేషన్ కాపీ కూడా దొరికింది. పసుపు మరక పడింది కానీ "కేటగిరీ 2" (అంటే కమర్షియల్) అన్న అక్షరాలు, ఆఫీసు ముద్ర శుభ్రంగా కనిపిస్తున్నాయి. వేదికకి ఫిర్యాదు రాస్తున్నాను. రెండేళ్ళ లోపు ఎంత, అంతకు ముందుది ఎంత, విడివిడిగా లెక్క ఇమ్మని అడిగాను. న్యాయంగా తేలింది కడతాను, అదీ వాయిదాల మీదే. సోమవారం ఏఈ (అసిస్టెంట్ ఇంజనీర్) గారు ఆ కాగితం తీసుకుని రమ్మన్నారు.

రిటైర్డ్_కరెంటోడు:
వెళ్ళండి. జిరాక్స్ ఇచ్చి దాని మీద ముద్ర వేయించుకోండి. ఒరిజినల్ చేతిలోంచి వదలొద్దు.