ఫలితం చూపిస్తేనే డబ్బు: బడులకు విరాళం ఇలా ఇస్తే పనిచేస్తుందా?

ఒంగోలు_ఆడిటర్:
ఓ పారిశ్రామిక కుటుంబం ట్రస్టు పెట్టి, ప్రకాశం జిల్లాలో రెండు మండలాల ప్రాథమిక పాఠశాలల మీద ఏడాదికి కోటిన్నర చొప్పున మూడేళ్లు ఖర్చు పెట్టాలనుకుంటోంది. మొత్తం 60 బడులు, 3 నుంచి 5 తరగతుల పిల్లలు. వాళ్ల షరతు ఒక్కటే: జీతాలకూ జీపులకూ డబ్బివ్వరు. రెండో తరగతి కథ తడబడకుండా చదివిన ఒక్కో పిల్లకు ఇంత అని లెక్కకట్టి, ఏడాది చివర స్వచ్ఛంద సంస్థకు ఇస్తారు. ఫ్యాక్టరీ నడిపినట్టే దీన్నీ నడపాలని పట్టుదల. సగం డబ్బు అమెరికా పౌరసత్వం తీసుకున్న పెద్దబ్బాయిది. ఇలాంటిది మన దేశంలో ఎక్కడైనా నిలబడిందా? ఒప్పందంలో ఏం రాసుకోవాలి?

కొలతబద్ద:
నిలబడిందండి. రాజస్థాన్‌లోని భిల్వాడా జిల్లాలో 2015 నుంచి 2018 వరకు ఎడ్యుకేట్ గర్ల్స్ అనే స్వచ్ఛంద సంస్థ 166 బడుల్లో చేసిన పని చూడండి. యూబీఎస్ బ్యాంకుకు చెందిన దాతృత్వ సంస్థ యూబీఎస్ ఆప్టిమస్ ఫౌండేషన్ ముందుగా సుమారు 2.7 లక్షల డాలర్లు పెట్టింది. ఫలితం వస్తే చెల్లిస్తామని లండన్‌కు చెందిన సీఐఎఫ్ఎఫ్ అనే దాతృత్వ సంస్థ ఒప్పుకుంది. కొలిచే పని ఐడీఇన్‌సైట్ అనే వేరే సంస్థకు అప్పగించారు. చెల్లింపులో 80 శాతం చదువులో మెరుగుదలకు, 20 శాతం బడిబయటి ఆడపిల్లల్ని చేర్చినందుకు. చివరికి చదువులో లక్ష్యానికి 160 శాతం, చేరికల్లో 116 శాతం సాధించారు. సీఐఎఫ్ఎఫ్ సుమారు 4.2 లక్షల డాలర్లు చెల్లించింది. ముందు డబ్బు పెట్టినవాళ్లకు ఏడాదికి 15 శాతం లెక్కన రాబడి వచ్చింది.

ఇందులో మీవాళ్లకు గట్టిగా చెప్పాల్సింది రెండో ఏడాది సంగతి. అప్పటికి చదువులో మూడేళ్ల లక్ష్యంలో సగమే అయింది. ఏ ఏటి డబ్బు ఆ ఏడే తేల్చేసే ఒప్పందమైతే సంస్థ అక్కడే చేతులెత్తేసేది. అసలు లెక్క మూడేళ్ల చివర కాబట్టి పద్ధతి మార్చుకునే వ్యవధి దొరికింది. పిల్లల్ని తరగతి వారీగా కాకుండా, చదవగలిగే స్థాయిని బట్టి కూర్చోబెట్టారు. బడికి రాని పిల్లల ఇళ్లకు వెళ్లారు. మూడో ఏడాది పుంజుకున్నారు.

ఇక మీ షరతు. "కథ చదివితే ఇంత" అన్నారంటే సంస్థ తరఫున పాఠం చెప్పే వాలంటీర్ సమయమంతా ఇప్పటికే పేరా చదువుతున్న పిల్లలకే పోతుంది. వాళ్లు ఒక్క మెట్టెక్కితే డబ్బొస్తుంది. 'క' కీ 'త' కీ తేడా పోల్చలేని పిల్ల ఏడాది కష్టపడి పదాలు చదివే దాకా వచ్చినా సంస్థకు పైసా రాదు. అందుకని ఆ పిల్ల వెనక వరసలోనే మిగిలిపోతుంది. దీన్ని ఆపాలంటే ప్రతి పిల్లా ఎక్కిన ప్రతి మెట్టునూ లెక్కించాలి. పల్లె పిల్లల చదువును కొలిచే దేశవ్యాప్త సర్వే అసర్ వాడే పరీక్ష తెలుగులోనే ఉంది, మెట్లు ఇవి: అక్షరం, పదం, పేరా, కథ.

జూన్‌లో తొలి పరీక్ష పెట్టకండి, చేరికలూ టీసీలూ ఇంకా నడుస్తుంటాయి. జులై నెలాఖరుకు పేర్ల జాబితా ఖరారు చేసి, తర్వాత ఒక్క పేరు కూడా తీయకూడదని రాసుకోండి. చివరి పరీక్షకు రెండుసార్లు వెళ్లినా దొరకని పిల్లకు మెరుగుదల సున్నా అని వేయాలి. లేకపోతే వెనకబడ్డ పిల్లలు సరిగ్గా పరీక్ష రోజునే "ఊరెళ్లారు" అవుతుంది.

60 బడుల్లో 30 లాటరీ తీసి మొదలుపెట్టండి. మిగతా 30 పోలికకు ఉంచి, మూడో ఏడాది కలపండి. పోలిక లేకపోతే పిల్లలు ఎలాగూ నేర్చుకునేదానికి కూడా మీరు డబ్బు కట్టినట్టే. బడికి 12 మందిని పరీక్షించినా చాలు. ఒకే బడి పిల్లలు చాలావరకు ఒకేలా ఉంటారు కాబట్టి, పిల్లల సంఖ్య కంటే బడుల సంఖ్యే ముఖ్యం.

మన్యంబాట:
కొలతలు సరే. "ఫ్యాక్టరీ నడిపినట్టే" అన్న మాట దగ్గర నాకు భయం. ఫ్యాక్టరీ సరుకు బాగాలేకపోతే కొనేవాడు మానేస్తాడు, ఆ కబురు యజమానికి నెల తిరక్కుండా తెలుస్తుంది. ఇక్కడ డబ్బిచ్చేది ట్రస్టు, సేవ అందుకునేది తొమ్మిదేళ్ల పిల్ల. నచ్చకపోతే ఆ పిల్ల ఎవరికి చెప్పాలి?

ఖమ్మం జిల్లాలో 2009లో జరిగింది ఇదే. గేట్స్ ఫౌండేషన్ డబ్బుతో పాత్ అనే సంస్థ భద్రాచలం, కొత్తగూడెం, తిరుమలాయపాలెం మండలాల్లో 10 నుంచి 14 ఏళ్ల ఆడపిల్లలకు హెచ్‌పీవీ టీకా వేయించింది. రాష్ట్ర ప్రభుత్వం, భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) కూడా అందులో ఉన్నాయి. చాలామంది గిరిజన హాస్టళ్ల పిల్లలు. తర్వాత చూసిన 9,543 అంగీకార పత్రాల్లో 2,763 మీద హాస్టల్ వార్డెన్ల సంతకాలు, 1,948 మీద వేలిముద్రలు ఉన్నాయి. ఆ మధ్యలో జరిగిన కొన్ని మరణాలకు టీకా కారణం కాదని విచారణలో తేల్చినా, 2010 ఏప్రిల్‌లో కార్యక్రమం ఆగిపోయింది. 2013లో పార్లమెంటరీ స్థాయీ సంఘం తీవ్రంగా తప్పుబట్టింది. గర్భాశయ ముఖ క్యాన్సర్ రాకుండా కాపాడే టీకా అది, పనికొచ్చేదే. తల్లిదండ్రుల దగ్గరకు వెళ్లి విడమరిచి చెప్పాల్సిన పనిని వార్డెన్ సంతకంతో ముగించినందుకు అంత పోగొట్టుకున్నారు.

కాబట్టి మీ ఒప్పందంలో పాఠశాల యాజమాన్య కమిటీకి నిజమైన అధికారం ఇవ్వండి. మూడు నెలలకోసారి తల్లుల సమావేశం జరగాలి. వాలంటీర్‌ను మార్చమని కమిటీ తీర్మానిస్తే 15 రోజుల్లో మార్చాలి. ఫిర్యాదు ఫోన్ ట్రస్టు మనిషి దగ్గర ఉండాలి. సంస్థ దగ్గరుంటే ఫిర్యాదులు పైకి రావు.

పద్దుపుస్తకం:
పెద్దబ్బాయి డబ్బు గురించి. విదేశీ పౌరులైన భారత సంతతివాళ్లకిచ్చే ఓసీఐ కార్డు ఉన్నా ఆయన అమెరికా పౌరుడే. ఇక్కడి బ్యాంకు ఖాతా నుంచి రూపాయల్లో ఇచ్చినా అది విదేశీ విరాళమే. భారత పాస్‌పోర్టు ఉన్న ఎన్నారై సొంత సంపాదన అయితే ఈ తంటా లేదు. విదేశీ విరాళం తీసుకోవాలంటే ఎఫ్‌సీఆర్‌ఏ (విదేశీ విరాళాల నియంత్రణ చట్టం) రిజిస్ట్రేషన్ కావాలి. దానికి ట్రస్టు మూడేళ్లుగా పనిచేస్తూ, ఆ మూడేళ్లలో కనీసం 15 లక్షలు ఖర్చు చేసి ఉండాలి. కొత్త ట్రస్టుకు అది రాదు, ముందస్తు అనుమతి దారి ఒకటుంది. 2020 సవరణ తర్వాత ఒక సంస్థ విదేశీ విరాళం తీసుకుని మరో సంస్థకు బదిలీ చేయడం కుదరదు. అంటే ట్రస్టులో వేసుకుని అక్కడి నుంచి స్వచ్ఛంద సంస్థకు పంపుదామంటే చెల్లదు. ఎఫ్‌సీఆర్‌ఏ ఉన్న సంస్థకు ఆయనే నేరుగా, ఢిల్లీ ఎస్‌బీఐ మెయిన్ బ్రాంచిలోని దాని ఖాతాకు పంపాలి. అందులో పరిపాలన ఖర్చు 20 శాతం దాటకూడదు. రెండు డబ్బులకూ రెండు వేర్వేరు ఒప్పందాలు రాయించండి, పద్దులు కలపొద్దు.

ఇంకోటి, ఒకే ఇంటి డబ్బు మీద నడిచేదానికి ఆ ఇంటి కష్టాలు కూడా అంటుకుంటాయి. 108 అంబులెన్స్ సేవ 2005 ఆగస్టు 15న హైదరాబాద్‌లో సత్యం కంప్యూటర్స్ అధిపతి రామలింగరాజు పూనికతో మొదలైంది. 2009 జనవరిలో లెక్కల మోసం బయటపడి సత్యం కుప్పకూలినా అంబులెన్సులు ఆగలేదు. అప్పటికే నడిపే ఖర్చులో 95 శాతం ప్రభుత్వం భరిస్తోంది, నిర్వహణను జీవీకే గ్రూపు తీసుకుంది. మీరు కూడా మొదటి ఏడాదే జిల్లా, మండల విద్యాధికారులతో (డీఈఓ, ఎంఈఓ) రాతపూర్వకంగా మాట్లాడుకోండి: మూడేళ్ల తర్వాత ఏది బడి టీచర్లే చేస్తారు, ఏది ఆగిపోతుంది? ఆరు నెలల ఖర్చు ఎఫ్‌డీ వేసి పక్కన పెట్టండి.

ఒంగోలు_ఆడిటర్:
చాలా ఉపయోగంగా ఉంది. జీతాలు ముందే ఇచ్చేస్తే సంస్థకు భయం ఉండదని పెద్దాయన అంటున్నారు. దానికేం చెప్పను?

కొలతబద్ద:
చివర్లో డబ్బొస్తుందంటే ఏడాది పాటు జీతాలు ఎక్కడి నుంచి తేవాలి? భిల్వాడాలో ముందు పెట్టుబడి పెట్టే సంస్థ వేరే ఉంది. మీ దగ్గర లేదు. అప్పు తేగలిగిన పెద్ద సంస్థలే వస్తాయి, ఊళ్లు తెలిసిన చిన్న సంస్థలు రావు. నా లెక్కలో 75 శాతం మూడు నెలలకోసారి ముందుగా, 25 శాతం మూడేళ్ల చివర ఫలితాన్ని బట్టి. ఆ పాతిక శాతం సంస్థను హద్దులో ఉంచడానికి సరిపోతుంది.

ఒక్క షరతు తప్పనిసరిగా రాయండి: సంస్థ ఆ ఒత్తిడిని వాలంటీర్ల జీతాల మీదకు నెట్టకూడదు. సూక్ష్మరుణాల్లో అప్పు ఎక్కించినదాన్నీ వసూలు చేసినదాన్నీ బట్టి కింది ఉద్యోగికి డబ్బు కట్టినప్పుడు వసూళ్ల వేధింపులు ఎంతదూరం వెళ్తాయో మన రాష్ట్రం 2010లో చూసింది. వసూళ్లు పంచాయతీ ఆఫీసు దగ్గరే చేయాలని ఆర్డినెన్స్ తేవాల్సొచ్చింది. జీతం మార్కుల మీద ఆధారపడితే వాలంటీర్ పరీక్ష కథను పిల్లలతో బట్టీ పట్టిస్తాడు. అసర్ కథల్లో కనీసం నాలుగు రకాలు దగ్గర పెట్టుకుని, ఏ బడికి ఏది అన్నది పరీక్ష రోజు ఉదయం చీటీ తీయండి.