అందరం మంచివాళ్లమే, మరి ఈ నష్టం చేస్తున్నది ఎవరు?

సాయంత్రపునడక:
అందరికీ నమస్కారం. చాలా రోజులుగా బుర్రలో తిరుగుతున్న ప్రశ్న ఇది. ఆధునిక నాగరికత సమస్యలు అనగానే కాలుష్యం, యుద్ధాలు, ఒంటరితనం, ఫోన్ల పిచ్చి అంటూ ఒక జాబితా చదివేస్తాం. నాకేమో వీటిలో చాలావాటి కింద ఒకే విషయం ఉందనిపిస్తుంది. మనం చేసే పనికీ దాని ఫలితానికీ మధ్య దూరం విపరీతంగా పెరిగిపోయింది. ఒకప్పుడు బావిలో చెత్త పడేస్తే పడేసినవాడు కూడా ఆ నీళ్లే తాగాలి, పైగా ఎవరు చేశారో చుట్టుపక్కల అందరికీ తెలిసిపోయేది. ఇప్పుడు నేను స్విచ్ వేస్తే ఎక్కడో బొగ్గు కాలుతుంది, అందులోంచి వచ్చిన కార్బన్ డయాక్సైడ్‌లో కొంత వందల ఏళ్లు గాల్లోనే ఉండిపోతుంది, దాని దెబ్బ తగిలేది ఇంకా పుట్టని మనిషికి. పారిశ్రామిక విప్లవానికి ముందు గాలిలో 10 లక్షల భాగాలకు సుమారు 280 భాగాలు ఉన్న ఆ వాయువు ఇప్పుడు 420 దాటింది. ఎవరు చేశారయ్యా అంటే ఎవరి పేరు చెప్తాం?

చెడ్డవాళ్లు అన్ని కాలాల్లోనూ ఉన్నారు, వాళ్లను గుర్తుపట్టడం మనకు అలవాటే. మంచివాళ్లంతా ఎవరి పని వాళ్లు శ్రద్ధగా చేసుకుపోయినా చివరికి ఘోరం జరగొచ్చు అన్నదే నాకు భయంగా ఉంది. దొంగతనం చేయకు, అబద్ధమాడకు, ఆకలితో వచ్చినవాడికి అన్నం పెట్టు లాంటి మన నీతులన్నీ ఎదురుగా నిలబడ్డ మనిషిని దృష్టిలో పెట్టుకుని పుట్టినవి. ఎదురుగా లేని మనిషి సంగతేంటి? మనిషి శక్తి ఎంత దూరం పాకిందో బాధ్యత కూడా అంత దూరం పాకాలని జర్మన్ తత్త్వవేత్త హాన్స్ యోనాస్ 1979లోనే వాదించాడు. బాగానే ఉంది, కానీ మనసు అంత దూరం వెళ్తుందా? కళ్లతో చూడని మనిషి కోసం మనం నిజంగా ఏదైనా వదులుకోగలమా? సూటిగా చెప్పండి.

పాతలెక్కలు:
మీ ప్రశ్నకు సరిగ్గా సరిపోయే ఒక చరిత్ర ఉంది, కాస్త పెద్దగానే రాస్తాను. 1921లో జనరల్ మోటార్స్ పరిశోధనశాలలో థామస్ మిడ్జ్‌లీ అనే ఇంజనీరు, ఇంజన్లలో వచ్చే టకటక చప్పుడు పోవాలంటే పెట్రోల్లో సీసం ఉన్న ఒక రసాయనం కొద్దిగా కలిపితే చాలని కనిపెట్టాడు. సీసం విషమని మనుషులకు ఎప్పటినుంచో తెలుసు. అందుకే కాబోలు దాన్ని అమ్మేటప్పుడు సీసం ఊసే లేకుండా ‘ఇథైల్’ అని పేరు పెట్టారు. 1924లో ఆ రసాయనం తయారుచేసే చోట కార్మికులకు మతి చలించింది, కొందరు చనిపోయారు. అప్పుడు మిడ్జ్‌లీ విలేకరుల ముందు నిలబడి ఆ ద్రవాన్ని తన చేతుల మీద పోసుకుని, ఆవిరి పీల్చి, చూశారా ఏమీ కాలేదు అని చూపించాడు. అంతకుముందే ఆయనకు సీసం విషం ఎక్కి కొన్ని వారాలు సెలవు పెట్టాల్సి వచ్చింది.

తర్వాత దశాబ్దాల పాటు ప్రపంచమంతా ఆ పొగ పీల్చింది. చిన్నపిల్లల మెదడు మీద సీసం ఎంత దెబ్బ కొడుతుందో ఇప్పుడు మనకు బాగా తెలుసు. బండిలో పెట్రోలు పోయించుకున్న ఏ తండ్రీ పక్కింటి పిల్లాడికి హాని చేయాలనుకోలేదు. దీన్ని పట్టుకున్నది క్లెయిర్ ప్యాటర్సన్ అనే శాస్త్రవేత్త, అదీ వేరే పని చేస్తూ. ఆయన భూమి వయసు లెక్కకడుతున్నాడు, 1956లో సుమారు 455 కోట్ల ఏళ్లని తేల్చింది ఆయనే. ఆ పనిలో నమూనాల్లోకి ఎక్కడినుంచో సీసం వచ్చి పడుతూనే ఉండేది, ల్యాబ్ ఎంత కడిగినా వదల్లేదు. తీగ లాగితే డొంకంతా కదిలింది, ఆ సీసం ఎక్కువగా పెట్రోలు పొగలోంచి వచ్చిందేనని తేలింది. అమెరికాలో 1970ల్లో తగ్గించడం మొదలుపెట్టి, మామూలు వాహనాలకు పూర్తిగా నిషేధించేసరికి 1996 అయింది. ప్రపంచంలో చివరిగా అల్జీరియాలో ఆగింది 2021లో. కనిపెట్టినప్పటినుంచి సరిగ్గా వందేళ్లు!

అయితే ఇదే మిడ్జ్‌లీ 1928 నుంచి ఫ్రిజ్‌లను చల్లబరిచే క్లోరోఫ్లోరోకార్బన్లనే రసాయనాల మీద కూడా పనిచేశాడు. అవి ఓజోన్ పొరను తినేస్తాయని 1974లో మోలినా, రోలండ్ అనే శాస్త్రవేత్తలు హెచ్చరించారు, 1985లో అంటార్కిటికా పైన పొర బాగా పలచబడిందని బయటపడింది, 1987లో ఆ రసాయనాలను తగ్గించుకోవాలని మాంట్రియల్ ఒప్పందం కుదిరింది. ఆ తర్వాత ప్రపంచ దేశాలన్నీ అందులో చేరాయి, ఇప్పుడు ఆ పొర మెల్లగా కోలుకుంటోంది. కాబట్టి మనసు అంత దూరం వెళ్తుందా అన్న మీ ప్రశ్నకు నా జవాబు వెళ్లగలదనే. కాకపోతే ఎవరో ఒకరు కొలిచి చూపించాలి, తయారుచేసేవాళ్లు కొద్దిమందే అయి ఉండాలి, బదులుగా వాడే వస్తువు దొరకాలి. బొగ్గు, పెట్రోలు విషయంలో మొదటిది ఒక్కటే పూర్తిగా ఉంది.

నిదానం:
సాయంత్రపునడక గారూ, దూరాన్ని మీరు మరీ విలన్‌ని చేసేశారు. 1800 ప్రాంతంలో ప్రపంచంలో పుట్టిన ప్రతి పదిమంది పిల్లల్లో నలుగురు అయిదేళ్లు నిండకుండానే పోయేవాళ్లు, ఇప్పుడు వందలో నలుగురి లోపే. మశూచి అనే జబ్బు పూర్తిగా పోయిందని 1980లో ప్రకటించారు. గాలిలోని నత్రజనిని ఎరువుగా మార్చే హేబర్-బాష్ పద్ధతి లేకపోతే ఇవాళ్టి జనాభాలో దాదాపు సగం మందికి తిండి పెట్టలేమని అంచనా. ఇవన్నీ మొహం తెలియని మనుషులు మొహం తెలియని మనుషుల కోసం చేసినవే కదా. మా పాపకు టీకా తయారుచేసినావిడ మా పాపను ఎప్పటికీ చూడదు. పైగా అందరికీ అందరూ తెలిసిన ఆ పాత ప్రపంచంలో వెలివేతలు కూడా ఉండేవి, అందరి కళ్లముందు ఉన్న మనిషిని కూడా నిర్దాక్షిణ్యంగా చూసేవాళ్లు. ఎదురుగా ఉంటే దయ దానంతట అదే పుడుతుందని నేను నమ్మను.

రాత్రిడ్యూటీ:
ఇద్దరూ పెద్ద విషయాలు రాశారు, నేను రోజూ చూసేది చెప్తాను. నాది ఫోన్లో కస్టమర్లతో మాట్లాడే ఉద్యోగం, కంపెనీ పేరు వద్దు. ఒకావిడ ఫోన్ చేసింది, భర్త చనిపోయాడు, ఆయన పేరు మీద బాకీ కట్టమని రోజూ మెసేజ్‌లు వస్తున్నాయి, ఆపండి బాబూ అంది. నా ముందు స్క్రీన్ మీద కారణం ఎంచుకునే డబ్బా ఒకటి ఉంటుంది. అందులో నంబర్ మారింది, ఇప్పటికే కట్టేశారు, భాష అర్థం కాలేదు అని ఉన్నాయి. మనిషి పోయాడు అన్నది లేదు. కారణం ఎంచుకోకపోతే ఫిర్యాదు సేవ్ కాదు. ‘సిస్టమ్ తీసుకోవట్లేదమ్మా’ అన్నాను. ఆవిడ ఏమీ అనలేదు, కాసేపు లైన్లోనే ఉండి పెట్టేసింది. పైవాళ్లను అడిగితే అది సాఫ్ట్‌వేర్ వాళ్ల పని అన్నారు. వాళ్లను అడిగితే మాకు ఇచ్చిన జాబితాలో ఏముందో అదే పెట్టాం అన్నారు. ఆ జాబితా ఎవరు రాశారో చెప్పే మనిషి ఇప్పటిదాకా దొరకలేదు. నాగరికత గురించి నాకు పెద్దగా తెలియదు కానీ, ఒక మనిషి ఏడుపు ఇంతమంది చేతులు మారి ఎవరికీ చెందకుండా పోవడం మాత్రం చాలా తప్పు అనిపిస్తుంది.

పాతలెక్కలు:
మీది చదివాక 1983 సెప్టెంబర్ 26 గుర్తొచ్చింది. సోవియట్ హెచ్చరిక కేంద్రంలో అమెరికా క్షిపణులు వస్తున్నాయని కంప్యూటర్ చెప్పింది, మొదట ఒకటి, ఆ తర్వాత మొత్తం అయిదు. డ్యూటీలో ఉన్న అధికారి స్తానిస్లావ్ పెత్రోవ్ అది తప్పుడు అలారం అని తేల్చి పైవాళ్లకు అదే చెప్పాడు. నిజంగా యుద్ధం మొదలుపెట్టేవాళ్లు అయిదంటే అయిదే పంపుతారా అని ఆలోచించాడు. తర్వాత చూస్తే మేఘాల మీద సూర్యకాంతి మెరవడం ఉపగ్రహానికి క్షిపణిలా కనిపించిందట. సిస్టమ్ చెప్పింది, నేను పైకి పంపాను అనేస్తే ఆయన్ని ఎవరూ తప్పుపట్టేవారు కాదు.

సాయంత్రపునడక:
నిదానం గారూ, మీ టీకా మాట నిజమే, దూరమే దోషం అనలేం. కానీ గమనించండి, టీకా ఎవరి పేరు మీద తయారైంది, ఏ బ్యాచ్, ఎవరు తనిఖీ చేశారు అన్నది రాసి ఉంటుంది, తేడా వస్తే వెనక్కి వెళ్లి పట్టుకోవచ్చు. రాత్రిడ్యూటీ గారి జాబితాకు అలాంటిది లేదు. మరైతే ప్రతి నిర్ణయం పక్కనా ఒక మనిషి పేరు ఉండాలి అని పట్టుబడితే? యంత్రం తీసుకున్న నిర్ణయమైనా సరే. ఇకముందు ఇలాంటివి ఇంకా ఎక్కువవుతాయి, లోన్ ఇవ్వాలా, ఉద్యోగానికి పిలవాలా అన్నది కూడా కృత్రిమ మేధ తేలుస్తోంది కాబట్టి అడుగుతున్నాను.

రాత్రిడ్యూటీ:
పేరు రాయడం వరకే అయితే వద్దండీ. రాసేది కచ్చితంగా నాలాంటివాళ్ల పేరే అవుతుంది, ఏదైనా జరిగితే ఊడేది మా ఉద్యోగమే. పెత్రోవ్‌కు పైవాళ్లతో నేరుగా మాట్లాడే ఫోన్ ఉంది, అది తప్పుడు అలారం అని చెప్పే హోదా ఉంది. నాకు ఆ డబ్బాలో ఒక గడి ఖాళీగా ఇచ్చి, అందులో నేను రాసింది చదివి మెసేజ్‌లు ఆపే మనిషిని ఒకరిని పెట్టమనండి, అప్పుడు నా పేరు నేనే రాస్తాను.