సమస్యాపూరణం: పద్దు పుస్తకంబె పతకమయ్యె

నిర్వాహకుడు: పై పాదం ఆటవెలదికి చివరిది. డబ్బుకు అమెరికన్ ఫుట్‌బాల్ ఆడిన తొలితరం ఆటగాడి మీదే పూరించాలి.

పెన్నాతీరం:
ఎల్ల రెరుగునట్టి యేలు వీరున కాట
కైదు వంద లపుడె యందజేసి
గుట్టు గాచుకొనిన కూటమి రాసిన
పద్దు పుస్తకంబె పతకమయ్యె

ఈయన పడ్జ్ హెఫెల్‌ఫింగర్, యేల్ విశ్వవిద్యాలయం ఫుట్‌బాల్ జట్టులో గార్డు స్థానంలో పేరుమోసిన ఆటగాడు. 1892 నవంబరు 12న పిట్స్‌బర్గ్ జట్టు మీద ఆడడానికి అలెగెనీ అథ్లెటిక్ అసోసియేషన్ ఆయనకు 500 డాలర్లు, దారి ఖర్చులకు మరో 25 ఇచ్చింది. పెద్దింటి క్లబ్బుల్లో డబ్బుకు ఆడడం అప్పట్లో నామోషీ, అందుకే నోరు మెదపలేదు. దశాబ్దాల తర్వాత ఆ సంఘం జమాఖర్చుల కాగితం బయటపడి, అమెరికన్ ఫుట్‌బాల్‌లో తొలి వృత్తి ఆటగాడు ఈయనేనని తేల్చింది.

ఛందోమిత్ర: "ఆటకు + ఐదు" సంధిలో దాగిన ఐకారానికి "యం"తో యతి చక్కగా కుదిరింది. "అపుడె" మాత్రం గణం నింపడానికే వచ్చింది. ఇచ్చింది ఎవరో మూడో పాదం దాకా తెలియకపోవడం గుట్టుకు తగ్గట్టే ఉంది!

గోదారిగట్టు:
పట్టు జారి పడిన బంతిని చేబట్టి
గీత దాటి నాల్గు పరుగు దీసె
ఈల లుడిగి పోయి యేడులు గడచిన
పద్దు పుస్తకంబె పతకమయ్యె

ఛందోమిత్ర: రెండో పాదంలో "గీ"కి "ప"తో యతి చెల్లదు. పైగా ఇది క్రికెట్ కాదు, పరుగులు లెక్కపెట్టడానికి.

కొత్తసభ్యుడు: టచ్‌డౌన్‌కు, అంటే బంతితో ప్రత్యర్థి గీత దాటినందుకు, ఆరు పాయింట్లు కదా, నాలుగంటారేమిటి?

పెన్నాతీరం: ఇప్పుడు ఆరు. 1892లో నాలుగే. ప్రత్యర్థి చేజార్చిన బంతిని అందుకొని హెఫెల్‌ఫింగర్ చేసిన ఆ ఒక్క టచ్‌డౌన్‌తోనే అలెగెనీ 4-0తో గెలిచింది.

గోదారిగట్టు: అయితే రెండో పాదం ఇలా మారుస్తాను: "గీత దాటె; నాల్గె గెలుపు లెక్క".

ఛందోమిత్ర: ఇప్పుడు యతీ కుదిరింది, లెక్కా కుదిరింది.

రాయలసీమ రచయిత్రి:
బేసుబాలు కూలి బింకమణచె నాడు
థార్పు పతకములును తప్పిపోయె
మొదటి కూలివాని ముచ్చట వేరయ్యె
పద్దు పుస్తకంబె పతకమయ్యె

1912 ఒలింపిక్స్‌లో అమెరికా క్రీడాకారుడు జిమ్ థార్ప్ గెలిచిన రెండు స్వర్ణాలనూ, అంతకుముందు బేస్‌బాల్‌కు కాస్త డబ్బు తీసుకున్నాడని 1913లో లాగేసుకున్నారు. 1915లో అతనే కాంటన్ బుల్‌డాగ్స్ జట్టు తరఫున ఆటకు 250 డాలర్లకు ఫుట్‌బాల్ ఆడాడు.

ఛందోమిత్ర: ఇద్దరినీ ఎదురెదురుగా నిలపడం గొప్ప ఊహ. వరుసగా రెండు "అయ్యె"లు చెవికి సోకుతున్నాయి. "ముచ్చట వేరుగా" అంటే చివరి పాదంలోకి నేరుగా జారుతుంది.

నిర్వాహకుడు: మార్పుతో మూడో పూరణకే నా ఓటు. ఒక్క చిక్కు: ఆ కాగితాన్ని కాంటన్‌లోని ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ చరిత్రగా దాచుకుంది కానీ, అక్కడ సత్కారం పొందినవారి జాబితాలో హెఫెల్‌ఫింగర్ పేరు లేదు. పతకం కాగితానికే దక్కిందన్నమాట. ఈ అర్థంతో ఎవరైనా నాలుగో పూరణ పంపండి, రేపు సాయంత్రం దాకా గడువు.