కోర్టులో అనని మాటను కోర్టు దృశ్యంలో అనిపించవచ్చా?

బోను పక్కన:

నిజంగా జరిగిన క్రిమినల్ విచారణలను నటీనటులతో మళ్లీ ఆడించి చూపే టీవీ డాక్యుడ్రామాల మీద ఈ చర్చ మొదలుపెడుతున్నాను. నా వాదన ముందే చెప్పేస్తాను, ఒప్పుకోనివారు ఎక్కడ ఒప్పుకోరో చూపిస్తే చాలు. ఒక ధారావాహికలో అసలు మనుషుల పేర్లే ఉంచినప్పుడు, కోర్టు హాలులో పలికినట్టు చూపే ప్రతి మాటా రికార్డులో ఉన్నదే అయి ఉండాలి. ఇంట్లోనో, కారులోనో, లాయరు గదిలోనో ఏం మాట్లాడుకున్నారో రచయిత ఊహించుకోవచ్చు. నాలుగు గోడల మధ్య జరిగినది ఎవరికీ తెలియదు కాబట్టి ప్రేక్షకుడు దాన్ని కొంత తగ్గించుకునే చూస్తాడు. కోర్టు హాలు అలాంటిది కాదు. జడ్జి, బోను, ప్రమాణం, నల్లకోట్లు కనబడగానే ఇదంతా ఎక్కడో నమోదై ఉంటుందన్న నమ్మకం కలుగుతుంది. ఆ నమ్మకం చాటున కల్పించిన మాట చెప్పించడం దొంగ సాక్ష్యానికి దగ్గరి చుట్టమని నా అభిప్రాయం.

1989లో న్యూయార్క్ సెంట్రల్ పార్కులో జరిగిన దాడి కేసులో ఐదుగురు కుర్రాళ్లకు శిక్షలు పడ్డాయి, 2002లో అవి రద్దయ్యాయి. దాని మీద నెట్‌ఫ్లిక్స్ 2019లో ‘వెన్ దే సీ అస్’ అనే నాలుగు భాగాల ధారావాహికను ప్రసారం చేసింది. అప్పట్లో మన్‌హటన్ ప్రాసిక్యూటర్ కార్యాలయంలో లైంగిక నేరాల విభాగానికి అధిపతిగా ఉన్న అధికారిణి, తాను అనని మాటలనూ చేయని పనులనూ తనకు అంటగట్టారంటూ 2020లో పరువునష్టం దావా వేశారు. 2024లో, దావా జూరీ ముందుకు వెళ్లబోతుండగా రాజీ కుదిరింది. ఆవిడ చేతికి డబ్బేమీ రాలేదు. నిరపరాధులకు పడిన శిక్షల మీద పోరాడే ‘ఇన్నోసెన్స్ ప్రాజెక్ట్’ సంస్థకు పది లక్షల డాలర్లు ఇవ్వడానికీ, కొన్ని పాత్రలూ సంఘటనలూ సంభాషణలూ కల్పితమన్న ప్రకటనను చివరి నుంచి తీసి మొదట్లో పెట్టడానికీ నెట్‌ఫ్లిక్స్ ఒప్పుకుంది. ఆ ఐదుగురికీ అన్యాయం జరిగిందనడంలో నాకు అనుమానం లేదు. అంత బలమైన నిజం చేతిలో ఉన్నవాళ్లకు, ఆ ప్రకటనను పేర్లు దొర్లిపోయే చోట దాచుకోవలసిన అవసరం ఎందుకు వచ్చిందన్నదే నా ప్రశ్న.

రాతబల్ల:

బోను పక్కన గారి నియమం వినడానికి బాగుంది, రాయడానికి కూర్చుంటే నిలవదు. నేను కొంతకాలం ఇలాంటి ఎపిసోడ్లు రాశాను. ఒక హత్య కేసులో ఏకైక ప్రత్యక్ష సాక్షి క్రాస్ ఎగ్జామినేషన్‌ను ఒకసారి ఉన్నది ఉన్నట్టు పెట్టి చూశాం. వీధిదీపం ఎక్కడుంది, తలుపు ఎటు తెరుచుకుంటుంది, కళ్లద్దాలు ఎప్పటినుంచి వాడుతున్నారు, ఆ రాత్రి పెట్టుకున్నారా, పెట్టుకున్నట్టు పోలీసులకు చెప్పారా, చెబితే ఆ వాంగ్మూలంలో ఎందుకు లేదు, ఇలా పదకొండు నిమిషాలు నడిచింది. ముద్దాయి నిర్దోషిగా బయటపడింది ఆ ప్రశ్నల వల్లే. కానీ ఎడిటింగ్ గదిలో ఉన్న నలుగురిలో ఒక్కరికీ అది అర్థం కాలేదు. చివరికి లాయరు చేత ఒకే ప్రశ్న అడిగించాను: “ఆ వెలుతురులో, అద్దాలు లేకుండా, మీరు చూసింది మనిషినా, నీడనా?” ఆ లాయరు ఎన్నడూ అడగని ప్రశ్న అది. అయినా అతను అడిగిన నలభై ప్రశ్నల సారం అందులో ఉంది. దీన్ని దొంగ సాక్ష్యం అంటారా?

ఇంకొక మాట. బ్రిటన్‌లో పోస్టాఫీసు కంప్యూటర్ల వ్యవస్థ ‘హొరైజన్’ తప్పుడు లెక్కలు చూపడం వల్ల 900 మందికి పైగా సబ్ పోస్టుమాస్టర్లు (ఊళ్లలో చిన్న పోస్టాఫీసులు నడిపేవారు) దొంగతనం, మోసం, తప్పుడు లెక్కల నేరాల కింద శిక్షలు అనుభవించారు. వ్యవస్థలో దోషాలు ఉన్నాయని హైకోర్టు 2019లోనే తీర్పు ఇచ్చింది, 2021లో అప్పీలు కోర్టు ఒకేసారి 39 శిక్షలు కొట్టేసింది, పత్రికలు అంతకు ఎన్నో ఏళ్ల ముందునుంచీ రాస్తున్నాయి. ఇంత జరిగినా మిగిలినవారి గతి ఫైళ్లలోనే నలిగింది. 2024 జనవరిలో ఐటీవీ ఛానెల్ నాలుగు రాత్రులు ‘మిస్టర్ బేట్స్ వర్సెస్ ద పోస్టాఫీస్’ ప్రసారం చేసింది, ఆ మే నెలలోనే శిక్షలను మూకుమ్మడిగా రద్దు చేసే చట్టం వచ్చింది. అందులో ఒక పోస్టుమాస్టరు హెల్ప్‌లైన్‌కు ఫోన్ చేసి, అవతలివారు చెప్పినట్టల్లా మీటలు నొక్కుతుంటే, లెక్కల్లో లోటు ఆమె కళ్ల ముందే రెట్టింపవుతుంది. కొన్ని వందల పేజీల తీర్పు చేయలేని పని ఆ దృశ్యం చేసింది. ఫోన్‌లో పలికిన ప్రతి మాటా రికార్డులో ఉందా అని ఎవరూ అడగలేదు, అడగవలసిన అవసరమూ లేదు.

నల్లకోటు:

ఇద్దరూ ‘రికార్డు’ అన్న మాటను చాలా ధీమాగా వాడుతున్నారు. మన కోర్టుల్లో రికార్డు ఎలా తయారవుతుందో చూసినవాళ్లకు అంత ధీమా ఉండదు. సెషన్స్ విచారణలో సాక్ష్యాన్ని సాధారణంగా కథన రూపంలో నమోదు చేయాలని, జడ్జి తన విచక్షణ మేరకు ప్రశ్న-జవాబు రూపంలోనూ రాయించవచ్చునని 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 276వ సెక్షన్ చెప్పింది. ఆచరణలో జరిగేది ఇది: లాయరు అడుగుతాడు, సాక్షి తన యాసలో ఏదో అంటాడు, ఒక్కోసారి తల మాత్రమే ఊపుతాడు, జడ్జి దాన్ని తన వాక్యంగా మార్చి స్టెనోకు చెబుతారు. డిఫెన్సు లాయరు “నువ్వు పోలీసులు చెప్పమన్నట్టు చెబుతున్నావు కదా?” అని గద్దిస్తే, సాక్షి “లేదండీ” అంటే, కాగితం మీద పడేది “నేను పోలీసుల ప్రోద్బలంతో అబద్ధ సాక్ష్యం చెబుతున్నాననడం నిజం కాదు” అన్న వాక్యం. ఆ వాక్యాన్ని సాక్షి పుట్టి బుద్ధెరిగి ఎన్నడూ పలికి ఉండడు. బోను పక్కన గారి నియమాన్ని అక్షరాలా పాటిస్తే, అతని చేత అదే చదివించాలి. అప్పుడు మనం చూసేది సాక్షిని కాదు, జడ్జిగారి డిక్టేషన్‌ను.

చట్టం సంగతికి వస్తే, 1994లో ఆర్. రాజగోపాల్ కేసులో సుప్రీంకోర్టు ఈ గీతను కొంతవరకు గీసింది. ఆటో శంకర్ అనే మరణశిక్ష ఖైదీ ఆత్మకథను ఒక తమిళ పత్రిక ప్రచురించబోగా వచ్చిన వివాదం అది. కోర్టు రికార్డులతో సహా ప్రభుత్వ దస్తావేజుల్లో ఉన్నంతవరకు అతని అనుమతి లేకుండానే ప్రచురించవచ్చు, దాన్ని దాటి జీవితకథలోకి వెళితే ఏకాంత హక్కుకు భంగం కలగవచ్చు అని కోర్టు చెప్పింది. లైంగిక నేరాలకు గురైన స్త్రీల పేర్లు మాత్రం రికార్డులో ఉన్నా బయటపెట్టకూడదంది. అంటే గీత దాటితే చిక్కులు ఉండవచ్చని మన న్యాయస్థానం కూడా అంటోంది. కానీ అది గీసిన గీత విషయానికి సంబంధించినది, వాక్యానికి కాదు.

నా దృష్టిలో మాటల కన్నా ముందు చూడవలసింది సమయం. 1993 బొంబాయి పేలుళ్ల మీద తీసిన ‘బ్లాక్ ఫ్రైడే’ను, ఆ కేసు విచారిస్తున్న టాడా (ఉగ్రవాద నిరోధక చట్టం) కోర్టు తీర్పు రాకముందు విడుదల చేయవద్దని బొంబాయి హైకోర్టు ఆపింది, అది 2007లో గానీ తెరమీదికి రాలేదు. అది థియేటరు చిత్రమే అయినా సూత్రం టీవీకీ వర్తిస్తుంది. ఆ ఉత్తర్వు అడిగినవారు కోర్టులో ఇంకా ముద్దాయిలే, దోషులు కారు.

చివరి బెంచీ:

నేను ప్రేక్షకుణ్ణి మాత్రమే. బోను పక్కన గారు చేర్చిన మాటలనే పట్టించుకున్నారు, తీసేసిన మాటల సంగతి ఎత్తలేదు. 1959 ఏప్రిల్‌లో అమెరికాలో సీబీఎస్ ఛానెల్ నూరెంబర్గ్‌లో నాజీ న్యాయమూర్తుల మీద జరిగిన విచారణ ఆధారంగా ఒక నాటకాన్ని ప్రసారం చేసింది. దాని ప్రాయోజకుల్లో గ్యాస్ కంపెనీల సంఘం ఒకటి. నటుడు ‘గ్యాస్ ఛాంబర్లు’ అన్నప్పుడల్లా ఆ మాట వరకు శబ్దం ఆపేశారు; పెదవులు కదులుతాయి, మాట వినబడదు. అలా శబ్దం ఆపడంలో కొత్తగా ఒక్క మాటా కల్పించలేదు. నియమం ప్రకారం అది నిర్దోషమైన పనే అవుతుంది.

మాజీ భార్య హత్య కేసులో అమెరికన్ ఫుట్‌బాల్ తార ఓ.జె. సింప్సన్ విచారణ 1995 జనవరి నుంచి అక్టోబరు దాకా సాగింది, టీవీలో ప్రత్యక్షంగా ప్రసారమైంది. జూరీ నాలుగు గంటలైనా చర్చించకుండా నిర్దోషి అని తేల్చింది. 2016లో ఎఫ్‌ఎక్స్ ఛానెల్ దాన్ని పది భాగాల్లో ఇమిడ్చింది. కోర్టు హాలులో పలికిన మాటలు వీడియోలోనే ఉన్నాయి కాబట్టి వాటిని కల్పించవలసిన పని ఎవరికీ లేదు. అయినా తొమ్మిది నెలల్లోంచి ఏ పది గంటలు ఏరుకుంటామన్న దాంట్లోనే మొత్తం అభిప్రాయం ఉంటుంది. (ఇంగ్లండ్, వేల్స్‌లలో 1925 నాటి చట్టం కోర్టు లోపల ఫొటోలనే కాదు, బొమ్మ గీయడాన్ని కూడా నిషేధించింది. చిత్రకారులు లోపల చూసి, బయటికి వచ్చి గుర్తున్నంత మేరకు గీస్తారు. డాక్యుడ్రామా అంటే నాకు ఎప్పుడూ అదే గుర్తుకొస్తుంది.)

బోను పక్కన:

నల్లకోటు గారు చెప్పిన డిక్టేషన్ సంగతి నా నియమానికి నడుం విరిచింది, ఒప్పుకుంటున్నాను. రాతబల్ల గారి వీధిదీపం ప్రశ్నను కూడా తప్పుపట్టలేను; నలభై ప్రశ్నలు ఏ అనుమానాన్ని లేపాయో, ఆ ఒక్క ప్రశ్నా దాన్నే లేపింది. అయినా నా ఇబ్బంది పోలేదు, అది ఎక్కడుందో ఇప్పుడు తెలుస్తోంది. మాటల దగ్గర కాదు, నేర దృశ్యం దగ్గర ఉంది.

కోర్టులో ఎవరూ నేరాన్ని చూడరు. చూశానని ఒకరు చెప్పగా, కాదని ఇంకొకరు చెప్పగా వింటారు. టీవీలో కెమెరా తిన్నగా ఆ రాత్రిలోకి వెళ్లి నిలబడుతుంది. 1976లో డాలస్‌లో ఒక పోలీసు అధికారి హత్యకు గురయ్యాడు, రాండాల్ ఆడమ్స్ అనే అతనికి మరణశిక్ష పడింది, తర్వాత అది యావజ్జీవంగా మారింది. ఎరల్ మోరిస్ 1988లో తీసిన ‘ద థిన్ బ్లూ లైన్’ అనే డాక్యుమెంటరీలో ఆ కాల్పులు పదే పదే నటించి చూపుతారు, ప్రతిసారీ ఒక్కో వాంగ్మూలం ప్రకారం. ఒక దానిలో కారు నడిపేవాడు వేరు, ఇంకొక దానిలో వేరు. ఒక మిల్క్‌షేక్ గ్లాసు నెమ్మదిగా గాలిలో ఎగిరి రోడ్డు మీద పడుతుంది. చనిపోయిన అధికారితో డ్యూటీలో ఉన్న మహిళా పోలీసు అప్పుడు కారులోంచి దిగిందా, లోపలే కూర్చుని ఉందా అన్న వివాదమంతా ఆ గ్లాసులో ఉంది. నిజంగా ఏం జరిగిందో ‘ఇదిగో’ అని ఏ దృశ్యమూ చెప్పదు. ఆడమ్స్ 1989లో విడుదలయ్యాడు. అది పునరభినయమే, పైగా కల్పించిన కోణాలూ వెలుతురూ నిండా ఉన్న పునరభినయం. నాకు దానిమీద ఏ ఫిర్యాదూ లేదు, ఎందుకంటే ప్రతి దృశ్యమూ ఎవరి నోటినుంచి వచ్చిందో తెలుస్తూనే ఉంటుంది.

కాబట్టి నియమాన్ని మార్చుకుంటున్నాను. సంభాషణను కుదించుకోండి, కలుపుకోండి. నేరాన్ని మాత్రం ఎవరో ఒకరి వాంగ్మూలంగా తప్ప, కెమెరాకు స్వయంగా తెలిసిన సంగతిగా చూపకూడదు.

నల్లకోటు:

దీనితో నాకు పేచీ లేదు. నేరారోపణ రుజువు కాలేదని కోర్టు వదిలేసిన మనిషి విషయంలో ఇది మరీ ముఖ్యం. అతనికి తీర్పు కాగితం ఒక్కటే ఉంటుంది, అవతల దృశ్యం ఉంటుంది. అతనే చేసినట్టు ఒక్కసారి చూసిన పొరుగువాడికి “ప్రాసిక్యూషన్ నేరాన్ని నిస్సందేహంగా రుజువు చేయలేకపోయింది” అన్న వాక్యం చదివి వినిపించి లాభం లేదు.

రాతబల్ల:

సూత్రంగా ఒప్పుకోవడం సులువు, కానీ ఆచరణ సంగతి కూడా చెప్పాలి. టైటిల్స్‌కు ముందు రెండు నిమిషాల్లో హత్య కనబడాలని ఛానెల్ అడుగుతుంది. అప్పటికి ఇంకా ఏ సాక్షీ తెరమీదికి రాడు కాబట్టి ఆ దృశ్యం ఎవరి వాంగ్మూలమూ కాదు. ముఖం చూపించలేదు కదా, ఎవరినీ నిందించినట్టు కాదు కదా అని మేము సర్దిచెప్పుకుంటూ ఉంటాం.

పైన బోను పక్కన గారి మాట చదివాక, నేను చెప్పిన ఆ వీధిదీపం ఎపిసోడ్‌ను తీసి మొదటి రెండు నిమిషాలు మళ్లీ చూశాను. హంతకుడు వెనక నుంచి మాత్రమే కనిపిస్తాడు, పొడవు కూడా తెలియకుండా కెమెరాను కింద పెట్టారు. కానీ వేసుకున్నది నీలం గళ్ల చొక్కా. ఆ తర్వాత మూడో సన్నివేశంలో, కోర్టు చివరికి నిర్దోషి అని వదిలేసే ముద్దాయి పాత్రధారి బోనులోకి వస్తాడు. అతనిదీ నీలం గళ్ల చొక్కాయే. దుస్తులవాళ్లు రెంటికీ ఒకటే తెచ్చి ఉంటారు, స్క్రిప్టులో నేను చొక్కా గురించి ఒక్క ముక్కా రాయలేదు. నలభై ప్రశ్నలను ఒక ప్రశ్నగా ఎలా మార్చాలా అని వారం రోజులు కుస్తీ పట్టినవాణ్ణి, ఆ చొక్కాను ఎడిటింగ్‌లో ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు.